దేవేంద్రునికి కట్లు, రాక్షసునికి కావలి

భాద్రపద శుద్ధ చతుర్దశినాడు, హుస్సేన్‌సాగరపు గట్టున క్రేనుల క్రింద గణపతి విగ్రహములు బారులు తీరి తమ వంతు నిమజ్జనమునకై వేచియుండు ఆ అనంత చతుర్దశినాడే, హిమాలయముల చెంతనున్న ఖాట్మండు నగరమున మఱియొక జనసముద్రము పొంగుచుండును. బసంతపురపు చౌకమున అంతస్తులంతస్తులుగా లేచిన గుడుల మెట్లమీద, ఇటుకమేడల చెక్కడపు కిటికీలలో, తండ్రుల భుజములమీద, నిలుచుండుటకు చోటు దొరకిన ప్రతి తావునను మనుష్యులు క్రిక్కిఱిసి యుండగా, ఎచ్చటనో ఒక ఇరుకుసందు మొగను తాళములు ఖంగున మ్రోగును. ఆ మ్రోత చెవిని పడినంతనే జనము, ఎవరును అదలింపకయే, రెండు పాయలుగా చీలిపోవును. ఆ నడిమిదారిన, ఎఱ్ఱని మొగముతో, పెదవులు దాటి పొడుచుకొని వచ్చిన కోరలతో, వీపును కప్పు జూలుతో, కాలిగజ్జెలు ఘల్లుఘల్లుమనగా ఒక రాక్షసుడు ఉరికి వచ్చును. ముందువరుసలోని పిల్లలు కెవ్వుమని తల్లుల కొంగుల వెనుకకు చేరుదురు; వాడు నాలుగడుగులు దాటిపోయెనో లేదో, ఆ పిల్లలే వాని పేరెత్తి పిలిచి, చప్పట్లు చరచి, వెక్కిరింప మొదలిడుదురు. వాని పేరు లాఖే. మజిపాట్ అను పేట వాని నెలవు గనుక ఖాట్మండు లోయకు చెందిన నేవారులు వానిని మజిపా లాఖే యందురు.

మన సీమలనుండి పశుపతినాథుని దర్శనమునకు యాత్రికులు ఏటేట పోవుచునే యున్నారు. శివరాత్రికి పోవువారు కొందఱు. ముక్తినాథ యాత్రతో కలిపి వేసవిలో పోవువారు మఱికొందఱు. బాగ్మతీతీరమున స్వామిని సేవించి, నాలుగు రుద్రాక్షలు కొనుక్కొని, కొండలను ఫోటోలు తీసికొని తిరిగి వచ్చువారే గాని, వానలు వెనుకపట్టు పట్టు భాద్రపదమున ఆ నగరములో నిలిచి ఇంద్రజాత్ర చూచి వచ్చినవారు మనలో అరుదు. అందుచేత లాఖేను గూర్చి చెప్పుటకు ముందు, వానిని వీథిలోనికి రప్పించు ఆ ఉత్సవమును గూర్చి నాలుగు మాటలు చెప్పక తీఱదు.

నేవారులు తమ భాషలో యెన్యా యని పిలుచుకొను ఈ జాత్ర ఎనిమిది దినములు సాగును. పదవ శతాబ్దిలో గుణకామదేవుడను రాజు దీనిని నెలకొల్పెనని ఐతిహ్యము. నగరమునకు తూర్పున నున్న నాలా ప్రాంతపు అడవినుండి ఒక నిడుపాటి మ్రానును తెచ్చి, కొమ్మలు చెక్కి, పాత రాజభవనమైన హనుమాన్ ఢోకా యెదుట ఇంద్రధ్వజముగా నిలువనెత్తుటతో ఉత్సవమునకు ఆరంభము. ఇంతవఱకు మన పురాణములలోని ఇంద్రోత్సవము వంటిదే. ఆ ధ్వజము వెనుకనున్న కథ మాత్రము మనవారు వినియుండనిది. శ్రీకృష్ణుడు సత్యభామ అలుక తీర్చుటకై నందనవనములోని పారిజాతమును పెకలించుకొని పోవుటయు, ఇంద్రుడు వజ్రము చేతబట్టి అడ్డగించుటయు నంది తిమ్మన కావ్యమున చదువుకొనిన తెలుగువానికి, ఈ నేవారుల కథ వినగానే పెదవులపై నవ్వు మొలవక మానదు. ఇచ్చట పారిజాతపు దొంగ ఇంద్రుడే. తల్లి చేయు వ్రతమునకు ఆ పువ్వులు కావలసివచ్చెనట. స్వర్గాధిపతి మానవరూపము దాల్చి, ఖాట్మండు లోయలో ఒకరి తోటలో జొరబడి, పువ్వులు కోయుచు పట్టుబడెనట. పట్టుకొనినవారు ఆయన ఎవరో ఎఱుగరు. దొంగను కట్టినట్లు కట్టివైచిరి. కొడుకును వెదకుకొనుచు తల్లి దిగివచ్చి, తానెవరో చెప్పి, పంటలకు మేలుచేయు పొగమంచును, ఆ యేటి మృతుల ఆత్మలకు స్వర్గమార్గమును వాగ్దానము చేసిన పిదపగాని ఇంద్రునికి విడుదల కలుగలేదు. నేటికిని జాత్రదినములలో, రెండు చేతులు బారచాచిన ఇంద్రుని ప్రతిమలను నగరములో ప్రజల యెదుట నుంతురు. అది పూజయో, శిక్షయో, రెండునో, చూచువాని చిత్తము.

దేవతల రాజును దొంగగా కట్టివేసిన ఆ ఊరే ఒక రాక్షసుని తలారిగా నియమించుకొనెను. మజిపాట్ పేటలోని ఒక కన్యపై మనసుపడి లాఖే నగరములో ప్రవేశించెనట. పౌరులు వానిని పసిగట్టి, పట్టి, రాజసన్నిధికి ఈడ్చుకొనిపోయిరి. మన కథలలోనైనచో ఇచ్చట ఒక యుద్ధమును, ఒక వధయు, పిమ్మట పుష్పవర్షమును తప్పవు. బకాసురునికైనను హిడింబునికైనను పట్టిన గతి అదియే గదా! ఖాట్మండు రాజు కత్తి దూయలేదు. నీవు ఈ పేటలోనే ఉండవచ్చును. కాని ఇక్కడి ప్రజలను, ముఖ్యముగా పసిపిల్లలను, నీవంటి తక్కిన భూతప్రేతములనుండి కాపాడవలెను. ఏటేట ఇంద్రజాత్రకు వీథులలోనికి వచ్చి నర్తింపవలెను. ఇవి ఒడంబడిక షరతులు. లాఖే ఒప్పుకొనెను. ఆ కన్య ఒప్పుకొనెనో లేదో కథకులు అంతగా పట్టించుకొన్నట్లు తోపదు; రాజులును రాక్షసులును సంధి చేసికొనునప్పుడు ఆడపిల్లల నడుగు అలవాటు ఏ దేశపు కథలకును లేదు కాబోలు.

కథ ఎట్టిదైనను, ఆ ఒడంబడికను నేటికిని చెల్లించుచున్నవారు మనుష్యులు. మజిపా లాఖే వేషము ధరించు హక్కును, దానితోడి భారమును రంజిత్‌కారు కులమువారివి. వీరు పూర్వము నేవారుల వస్త్రములకు రంగులద్దిన వృత్తికారులు. ఒక పేట, ఒక కులము, ఆ కులములో ఒక మనుష్యుడు: ఇంత ఇరుకైన దారి గుండా ఈ నాట్యము శతాబ్దములు దాటి వచ్చినది. ఆ మనుష్యుడు రంగస్థలముమీది నటుడు కాడు. నటునికి కరపత్రముపై పేరుండును, తెర లేచినప్పుడు చప్పట్లుండును, వేషము తీసిన పిదప అభినందనలుండును. లాఖే వేషధారికి ఈ మూడింటిలో ఒకటియు లేదు. జాత్రలో వాని చుట్టు మూగిన జనులలో, లోపల నున్నవాడెవడని అడుగువారుండరు; అడుగుట మర్యాదయు కాదు. ఏ ముసుగు వానిని అందఱి కన్నుల యెదుటను నిలుపుచున్నదో ఆ ముసుగే వానిని అందఱి కన్నులనుండియు దాచివేయుచున్నది. పత్రికలవారు వాని ఛాయాచిత్రమును ఏటేట ముద్రింతురు. క్రింద వ్రాయునది మాత్రము లాఖే యనియే.

ఆ ముసుగును కొంచెము దగ్గఱగా చూతము. లాఖే మొగమును కాగితపు గుజ్జుతో మలచి, ఆఱిన పిమ్మట వర్ణములు పూయుదురు. బిఱ్ఱబిగిసిన చెక్కిళ్లు, ముడిపడిన కనుబొమలు, ఉబ్బిన గుడ్లు, పైకి చీల్చుకొని వచ్చిన దంతములు. తలపైనుండి భుజములమీదికి, వీపుమీదికి దిగజారు దట్టమైన జూలు. దూరమునుండి చూచువానికి అది ఒక భయంకరమైన తల. దానిని ధరించినవానికి అది ఒక చీకటిగది. దాని సందులలోనుండి లోకము కొంచెము కొంచెముగా కనబడును, తన ఊపిరి తన చెవులకే పెద్దగా వినబడును, చెమట కన్నులలోనికి కాఱినను తుడుచుకొనుటకు వీలుండదు. పాదముల క్రింద నున్నవి చదునైన నేలయు కాదు. శతాబ్దముల పాదఘాతములకు అరగిపోయిన రాతిపలకలు, వానపడిన తడి, ఎవరో జాఱవిడిచిన ప్రసాదము, అడుగడుగునకు అడ్డువచ్చు పిల్లలు. ఇట్టిచోట, ఇట్టి చీకటిలో, గంటలకొలది గంతులిడుచు, ఎవరిపైనను పడక, తాను క్రిందపడక, భయపెట్టవలసినంత భయపెట్టి, అంతకు మించక, ఆ వేషము నెగ్గించుకొని రావలెను. మన వీథినాటకములవారైనను పగటివేషములవారైనను ఈ కష్టము తెలిసినవారే గనుక వారికి దీనిని వర్ణించి చెప్పనక్కఱలేదు.

ముసుగు ఒక్కటే మొగము గలది. కోపమునకును, కుతూహలమునకును, అలసటకును, ఆటకును అదే కోఱలు, అదే గుడ్లు. అందుచేత అభినయమంతయు కంఠమునుండి క్రిందికి దిగవలసివచ్చును. మెడ నొకింత వంచి నిలిచిన లాఖే ఆలోచించుచున్నట్లుండును. ఆ తలయే పైకెత్తి జూలు విదిలించినచో గర్జించినట్లుండును. మోకాళ్లు వంచి, భుజములు ముడిచి, పక్కకు పక్కకు జరుగునపుడు వేటకు పొంచియున్న మృగమునకు దగు బిగువు కనబడును. నాట్యశాస్త్రమున ముఖజాభినయమునకు ఎంత ప్రాధాన్యమున్నదో మనము చదువుకొంటిమి. ముఖమే కదలని నర్తకుని చూచినప్పుడు, తక్కిన శరీరము ఎన్ని మాటలు నేర్వగలదో తెలియవచ్చును.

వాని అడుగులను నడపునది వాద్యము. నేవారుల ఊరేగింపులకు ప్రాణమైన ధిమే యను పెద్ద మద్దెలను మెడకు తగిలించుకొని, ఒక పార్శ్వమును అఱచేతితోను, రెండవ పార్శ్వమును కొన చుట్టగా వంచిన బెత్తముతోను వాయింతురు. చేతి దెబ్బ మెత్తగా, లోతుగా పలుకును. బెత్తపు దెబ్బ కొరడా ఝళిపించినట్లు గాలిని చీల్చును. తాళములు వానితో కలసినప్పుడు, రెండు గోడల నడుమ చిక్కుకొనిన ఆ ధ్వని బయటికి పోవు దారి లేక, చూచువాని ఱొమ్ములో మ్రోగ మొదలిడును. నేవారుల నగరములలో సందులు ఇరుకు, మేడలు ఎత్తు, కట్టినవారు ఏ ఉద్దేశముతో కట్టిరో గాని, మద్దెలమ్రోతకు అంతకంటె మంచి మంటపమును ఏ శిల్పియు నిర్మింపజాలడు. గతి నెమ్మదించినప్పుడు లాఖే నడచును, గతి హెచ్చినప్పుడు చుట్లు తిరుగును, హఠాత్తుగా ఆగినప్పుడు తానును స్తంభించును. ఆ స్తంభనములో జనమును ఊపిరి బిగబట్టుదురు. ఎటు దూకునో తెలియదు.

ఎటు దూకవలెనో నిర్ణయించువాడు వేఱొకడున్నాడు. వాడు పదేండ్లయినను నిండినట్లు తోపని ఒక బాలుడు; పేరు ఝ్యాలించా. లాఖే యెదుటికి వచ్చి వెక్కిరించుట, వెనుకకు పోయి కవ్వించుట, పట్టుకొనబోగా కాళ్లసందునుండి జాఱిపోవుట వాని పని. లాఖే వానిని తఱుముచుండును, వాడు చిక్కడు. జనమంతయు పిల్లవాని పక్షము. అంతటి రాక్షసుడు ఒక గుప్పెడు పిల్లవానిచేత నవ్వులపాలగుచుండగా చూచి, ఇంతకుముందు తల్లి కొంగున దాగిన శిశువు ధైర్యము తెచ్చుకొని ముందుకు వచ్చును. ఈ నాట్యపు రహస్యమంతయు ఇచ్చటనే యున్నదని నా అభిప్రాయము. లాఖే యొక్కడే నర్తించినచో అది భయప్రదర్శనము. ఝ్యాలించా తోడైనప్పుడు అది భయముతో చెలిమి. పిల్లలను రక్షింతునని రాజునకు మాట యిచ్చిన రాక్షసుడు ఆ మాటను చెల్లించు విధమే యిది: తన్ను చూచి వారు భయపడుట నేర్పి, పిమ్మట తన్ను చూచి వారు నవ్వుట నేర్పి పంపివేయుచున్నాడు.

వేషధారికి దీనిలో మఱియొక కష్టమున్నది. పట్టుకొనగలిగియు పట్టుకొనకుండ నటించుట, పట్టుకొనునట్లే కనబడుట సులభము కాదు. కొంచెము నిదానించినను ఆట చప్పబడును. కొంచెము తొందరపడినను పిల్లవాడు చేజిక్కి కథ ముగిసిపోవును. ముసుగు సందులోనుండి తఱచుగా కనబడకుండ పోవు ఆ చిన్న ఆకారమును, అడుగుల చప్పుడును, జనుల కేరింతల దిక్కును బట్టి గుర్తించుచు, వెంట్రుకవాసిలో చేయి తప్పించుట గొప్ప శిక్షణము. ఇది పుస్తకములలో దొరకదు. చిన్ననాడు వెంటబడి చూచినవాడే పెద్దయి వేయగలడు.

తెలంగాణమువారికి ఈ సందర్భమున పోతరాజు జ్ఞప్తికి వచ్చుట సహజము. ఆషాఢమున బోనముల ముందు, ఒడలెల్ల పసుపు పూసికొని, నుదుట కుంకుమ మెత్తుకొని, నడుమునకు వేపమండలు చుట్టుకొని, ఈరకోల ఝళిపించుచు గంతులిడు ఆ అమ్మవారి తమ్ముడును కావలివాడే. వానిని చూచియు పిల్లలు జడిసికొందురు, పెద్దలు మ్రొక్కుదురు. కాని వీరిద్దఱికిని ఒక భేద మున్నది. పోతరాజు మొగము బయటనే యున్నది. వాని శరీరమే వాని వేషము. ఫలానావారి అబ్బాయి ఈ యేడు పోతరాజు కట్టెనని బస్తీలో అందఱికిని తెలియును, ఆ తెలియుటలో ఒక గర్వమును కలదు. లాఖే వేషధారికి ఆ గర్వమును వీథిలో లేదు. పోతరాజు మొదటినుండియు అమ్మవారి మనిషి. లాఖే పట్టుబడి, ఒప్పుకొని, ఉద్యోగములో చేరినవాడు. పుట్టుకచేత కావలివాడగుట యొకటి, మాటకు కట్టుబడి కావలివాడగుట మఱియొకటి. రెండవదానిలో నాకు కొంచెము ఎక్కువ మనుష్యత్వము కనబడును.

ఇంద్రజాత్రలో లాఖే ఒంటరివాడు కాడు. కిలాగల్ పేటనుండి పులుకిసి బయలుదేఱును. అది ఇంద్రుని ఏనుగట, చెఱపడిన యజమానిని వెదకుకొనుచు వీథి వీథి తిరుగుచుండును. వెదురుదబ్బల చట్టముపై గుడ్డ కప్పి చేసిన ఆ తెల్లని ఏనుగులోపల ఇద్దఱు మనుష్యులుందురు. అది హఠాత్తుగా పరుగెత్తినప్పుడు దారినున్న పెద్దమనుష్యులు టోపీలు చేతబట్టుకొని అరుగులెక్కుదురు. హల్‌చోక్ నుండి నీలపు మొగముతో భైరవుడు సవ భక్కు వచ్చును. ఇంద్రుని తల్లియే దాగీ యను పేర ముసుగు ధరించి, ఆ యేడు తమవారిని పోగొట్టుకొనిన కుటుంబములు వెంటరాగా, నిశ్శబ్దముగా నడచును. హనుమాన్ ఢోకా చెంత, ఏడాది పొడవున తడికెల మాటున నుండు శ్వేతభైరవుని మహావక్త్రము ఆ కొన్ని దినములు మాత్రమే తెఱచి, దాని నోటినుండి బియ్యపు మద్యమును ధారగా విడుతురు. దానికై క్రిందనున్న యువకులు పడు పోట్లాటను వర్ణించుటకు ఈ పత్రిక చాలదు. ఇన్నింటికిని నడుమ, గణేశ భైరవుల రథములు తోడురాగా, శాక్యుల యిండ్లనుండి ఎన్నుకొనబడిన బాలిక, సజీవదేవత కుమారి, రథమెక్కి నగరప్రదక్షిణము చేయును. ఆమె నివసించు కుమారీగృహమును 1757లో కట్టించిన ఖాట్మండు రాజు జయప్రకాశ మల్లుడే ఈ రథయాత్రను ప్రవేశపెట్టెను. పండ్రెండేండ్లు తిరుగకముందే, 1768లో, సరిగా ఇంద్రజాత్రనాడు, నగరమెల్ల ఉత్సవపు మత్తులో నుండగా గోర్ఖారాజు పృథ్వీనారాయణ షా ఖాట్మండును పట్టుకొనెను. జయప్రకాశుడు పాటన్‌కు పారిపోయెను. గెలిచినవాడు పోయి కుమారిచేత తిలకము పెట్టించుకొనెను. రాజు మాఱెను, జాత్ర మాఱలేదు.

ఇట్లు ఒక్కొక్క వేషమునకు ఒక్కొక్క పేట బాధ్యత వహించుటలోనే ఈ ఉత్సవపు చిరాయువున్నది. ఆ బాధ్యతకు ఆధారము గుఠి. నేవారుల సమాజములో గుఠి యనగా ఒక దేవాలయమునకో, ఒక ఉత్సవమునకో, ఒక వాద్యబృందమునకో, శవసంస్కారమునకో కుటుంబములు కలసి ఏర్పఱచుకొనిన సంఘము; దానికి పూర్వులు వ్రాసియిచ్చిన మాన్యములుండును; ఆ భూముల ఆదాయముతో నూనె, పువ్వులు, విందు, వేషము, మరమ్మతు జరుగవలెను. మన దేవాలయ మాన్యములకును, భోగమువారి, మంగలివాద్యములవారి ఈనాములకును కాలక్రమమున పట్టిన గతి తెలిసినవారికి, తక్కిన కథ చెప్పనక్కఱలేకయే అర్థమగును. 1964లో నేపాళ ప్రభుత్వము గుఠి సంస్థాన్ నేర్పఱచి అనేక మాన్యముల పాలనమును తన చేతిలోనికి తీసికొనెను. భూములు చేతులు మాఱినవి; పట్టణము పెరిగి పొలములు ఇండ్లస్థలములైనవి; వచ్చు శిస్తు చాలక, ఉత్సవపు ఖర్చును సభ్యులే తమ జేబులనుండి పెట్టుకొనవలసిన స్థితి ఎన్నో గుఠిలకు ఏర్పడినది.

ఐనను, ఈ విషయమున ఖాట్మండు పౌరులు మనకంటె కొంచెము మొండివారని చెప్పకతప్పదు. 2008లో రాచఱికము రద్దయిన కొలది నెలలకే, మావోయిస్టుల ప్రభుత్వములో ఆర్థికమంత్రియైన బాబూరామ్ భట్టరాయి ఇంద్రజాత్ర బలులకు ఖజానానుండి ఇచ్చు ధనమును కత్తిరించెను. విప్లవమును గెలిచినవారికి ఒక జాత్ర ఖర్చు కత్తిరించుట ఎంతపని యని తోచియుండవచ్చును. నేవారులు వీథిలోనికి వచ్చిరి, దారులు దిగ్బంధమాయెను, ప్రభుత్వము దిగివచ్చెను. జంతుబలి మంచిదా కాదా యనునది వేఱు వివాదము. దానిలో నా మనస్సు మంత్రివైపే మొగ్గును. కాని నాడు జనులు పోరాడినది మేకలకొఱకు కాదు, తమ పండుగ పద్దును తమ్మడుగక ఒకడు కొట్టివేయుటను సహింపలేక. మరల 2019 జూన్ నెలలో, గుఠిల నన్నింటిని ఒక అధికారసంస్థ క్రిందికి తేదలచిన బిల్లు వచ్చినప్పుడు, మైతీఘర్ కూడలిలో ఇసుకవేసిన రాలనంత జనము చేరిరి. బిల్లును వెనుకకు తీసికొనిరి. కోఱలు గల రాక్షసుని కాపాడుకొనుటకు, కోఱలు లేని కాగితములతో పోరాడవలసిన కాలము వచ్చినది.

2015 ఏప్రిల్ 25నాటి భూకంపము బసంతపురపు గుడులలో అనేకములను నేలమట్టము చేసినది. కాష్ఠమండపము కూలినది, మెట్లపై జనులు కూర్చుండి జాత్ర చూచు మాజూ దేవళము కూలినది. ఆ శిథిలముల నడుమనే, ఆ యేడు భాద్రపదమున ఇంద్రధ్వజము లేచినది, రథములు కదలినవి. 2020లో మహమ్మారి మాత్రము భూకంపము చేయలేనిది చేసినది: రథములు కదలలేదు. గుంపును పుట్టించుటయే పనిగా గల ఒక కళకు, గుంపే ప్రాణాంతకమని శాస్త్రజ్ఞులు చెప్పిన కాలముకంటె గడ్డుకాలము మఱియొకటి యుండబోదు.

వీటికంటె నెమ్మదిగా పనిచేయునది వలస. పాతపట్టణములో వారసులకు పంచగా పంచగా నిలువునా ముక్కలైన యిండ్లను విడిచి కుటుంబములు పొలిమేరల క్రొత్త కాలనీలకు పోయినవి. కుఱ్ఱవాండ్రు చదువులకును ఉద్యోగములకును విదేశములు పట్టుచున్నారు. వేషము ఒక పేటకును ఒక కులమునకును పరిమితమైనప్పుడు, ఆ కొలది యిండ్లలోనుండి పదిమంది విమానమెక్కినను లోటు స్పష్టముగా కనబడును. రంగులద్దు వృత్తియే మిల్లుబట్టలు వచ్చిన పిదప వెనుకబడినది. వృత్తి పోయినను వేషము నిలువవలెననిన, దానికై పనిదినములను మానుకొను ఓపిక గలవాడు కావలెను. మన దేశములో ఇట్టి స్థితిలో వెంటనే వినబడు సలహా ఒకటున్నది: కళను వేదికనెక్కించుడు, శిక్షణకేంద్రము పెట్టుడు, ఎవరైనను నేర్చుకొనవచ్చునని ప్రకటింపుడు. లాఖే నాట్యమునకు అదియు జరిగినది. ఖాట్మండు హోటళ్లలో పర్యాటకుల భోజనవేళ లాఖే నర్తించును. అమెరికా, బ్రిటన్ దేశములలోని నేవారుల సభలలో నర్తించును. తూర్పు నేపాళపు కొండబజారులకు వర్తకమునకై పోయి స్థిరపడిన నేవారులు ఏనాడో తమతోపాటు ఆ ముసుగును తీసికొనిపోయి, అచ్చటి వీథులలోను లాఖేను ఆడించుచున్నారు.

వీనినన్నింటిని నేను తప్పుపట్టను. మ్యూజియపు అద్దములపెట్టెలో నుండుటకంటె హోటలు దీపముల క్రింద గంతులిడుట మేలు. కాని వేదికమీది లాఖేకు ఒక చిక్కున్నది. అక్కడ ప్రేక్షకులు కుర్చీలలో సుఖాసీనులై యుందురు. రాక్షసుడు వారి యొద్దకు రాడని వారికి తెలియును. ఝ్యాలించా అభ్యాసము చేసిన దారినే పరుగెత్తును, పదినిమిషములలో దీపములార్పుదురు. అడుగులు అవియే, ముసుగు అదియే, ధిమే దరువును అదియే. ఎటు దూకునో తెలియని ఆ ఒక్క క్షణము మాత్రము వేదికనెక్కదు. వీథిలోని లాఖే తన కాపుదలలోనున్న పేటవాండ్రకు కట్టుబడిన కావలివాడు. టిక్కెట్టు కొన్న అతిథిని వాడు దేనినుండి కాపాడవలెను? అందుచేత వేదిక లాఖేను ఎంత ప్రసిద్ధుని జేసినను, మజిపాట్ పేట గుఠిలో ఆ భారము నెత్తుకొనువారు మిగిలియుండుటయే అసలు సంగతి. మాఱుటకు వీలున్నచోట ఆ సమాజము మాఱుచునే యున్నది గూడ. ఒకప్పుడు మగవారి సొత్తుగా నుండిన ధిమేను నేడు ఆడపిల్లల బృందములు మెడకు తగిలించుకొని, అదే ఇరుకుసందులలో, అదే బెత్తముతో వాయించుచు పోవుచున్నవి. మొదట ముక్కుమీద వ్రేలు వేసికొనిన ముసలివారే నేడు దారి తొలగి చోటిచ్చుచున్నారు.

లాఖే వేషధారికి వయస్సు మీఱినను ముసుగు దానిని దాచివేయును. మోకాళ్లు ఓపినన్ని యేండ్లు వాడు ఆడవచ్చును. ఝ్యాలించాకు ఆ సౌకర్యము లేదు. వాడు ఏటేట పొడవు పెరుగును, గొంతు మాఱును, ఒక జాత్రనాటికి రాక్షసుని కాళ్లసందున దూరలేకపోవును. కావున పెద్దవాని సంగతి ఎట్లున్నను, కొన్ని యేండ్ల కొకమాఱు ఆ పేటవారు తమ పిల్లలలో పొట్టివాని, చుఱుకైనవాని, ముఖ్యముగా పెద్దల మాట విననివాని వెదకుకొనక తప్పదు. వెంటబడి చూచినవాడే వేయగలడన్న లెక్కన, రేపటి లాఖే ఆ అల్లరిమూకలోనుండియే రావలెను. ప్రస్తుతము వాడు ఏ అరుగుమీద నిలిచి వెక్కిరించుచున్నాడో.